మాహిష్మతీ రాజ్యగీతము – ప్రబంధలక్షణ పరిశీలనము

కవి ఒక రాజ్యమును కల్పించినపుడు దానికి నగరమును, నదిని, రాజవంశమును, శత్రువులను కల్పించుట మన సాహిత్యమున క్రొత్త గాదు. ప్రబంధకవుల పురవర్ణనములు చాలవరకు ఇట్టి కల్పనలే. కాని ఆ రాజ్యమునకు ఒక రాజ్యగీతమును గూడ కూర్చి, పట్టాభిషేకసమయమున బృందగానముగా వినిపించుట అరుదైన పని. శ్రీ ఎస్. ఎస్. రాజమౌళి దర్శకత్వమున 2015 జూలై 10న మొదటి భాగముగను, 2017 ఏప్రిల్ 28న రెండవ భాగముగను వెలువడిన 'బాహుబలి' చలనచిత్రమున ఈ పని జరిగినది. అందలి మాహిష్మతి కల్పితరాజ్యము. రెండవ భాగమున వినవచ్చు దాని రాజ్యగీతమునకు సంగీతకర్త శ్రీ ఎం. ఎం. కీరవాణి. ఈ గీతమును ఒక ఉత్సవసంగీతరచనగా గ్రహించి, మన ప్రాచీనలక్షణము ననుసరించి పరిశీలించి, దాని గుణదోషములను నిర్ణయించుట ఈ వ్యాసోద్దేశము.

చలనచిత్రగీతము పరిశోధనపత్రికకు తగిన విషయమా యని కొందరు శంకింపవచ్చును. యక్షగానమును వీధిభాగోతమని త్రోసిపుచ్చిన కాలమొకటి యుండెను. తరువాత ఆ వాఙ్మయముపై సిద్ధాంతగ్రంథములే వెలువడినవి. ప్రజలు విని, నేర్చి, తమ ఉత్సవములందు వాడుకొను రచన ఏదైనను విమర్శకుని దృష్టికి రావలసినదే. ఈ గీతము మా దృష్టికి వచ్చిన విధమును గూడ ఇచ్చట చెప్పుట అవసరము. ఒక కళాశాల వార్షికోత్సవమున ముఖ్యఅతిథి వేదిక నెక్కుచుండగా విద్యార్థులు ఈ గీతమును మైకులో వినిపించిరి. సభలోనివారు లేచి నిలిచిరి, మేమును నిలిచితిమి. ఆనాటి కార్యక్రమమునకు దేవరకొండ ప్రాంతపు పల్లెనుండి వచ్చిన ఒక వృద్ధుడు, డప్పు వాయించువాడు, మా ప్రక్కనే యుండెను. అతడు "గీ పాటకు ఎవలు లేశి నిలవడాలె సారూ?" అని మమ్మడిగెను. ఇది సినిమాలోని ఒక రాజ్యపు పాట యని చెప్పితిమి. "ఆ రాజ్యం ఏడున్నది?" అని అతడు మరల అడిగెను. మేము నవ్వితిమి గాని, అతని మొదటి ప్రశ్నకు ఉత్తరము చెప్పలేదు. ఈ వ్యాసము ఆ ఉత్తరమును వెదకు ప్రయత్నము.

రాజ్యము కల్పితమైనను మాహిష్మతి యను పేరు కల్పితము గాదు. భారతపురాణములందు అది హైహయుల రాజధాని, కార్తవీర్యార్జునుని నగరము. కాళిదాసు రఘువంశమునందలి ఇందుమతీస్వయంవరఘట్టమున రేవానదీతీరనగరముగా దానిని పేర్కొనెను. నేటి మధ్యప్రదేశమందలి మహేశ్వరమే అదియని పలువురు చరిత్రకారుల అభిప్రాయము. చిత్రనిర్మాతలు పేరును మాత్రము గ్రహించి, రాజ్యమును తామే కల్పించిరి. ఆ రాజధానిని కళాదర్శకుడు సాబు సిరిల్ హైదరాబాదు–విజయవాడ రాజమార్గముననున్న రామోజీ ఫిల్మ్ సిటీలో నిర్మించెను. ఆ మార్గముననే తూర్పునకు మరికొంత దూరము పోయినచో పూర్వపు నల్లగొండ జిల్లా ప్రారంభమగును. మార్గమునకు దక్షిణమున రాచకొండ గుట్టలున్నవి.

ఆ రాచకొండను, దేవరకొండను ఏలిన రేచర్ల ప్రభువులలో 'సర్వజ్ఞ' బిరుదాంకితుడగు సింగభూపాలుడు పదునాల్గవ శతాబ్దివాడు. అతని 'రసార్ణవసుధాకరము' అలంకారశాస్త్రమున సుప్రసిద్ధము. అతని పేరనే వెలసిన 'సంగీతసుధాకరము' శార్ఙ్గదేవుని 'సంగీతరత్నాకరము'నకు వ్యాఖ్య. శార్ఙ్గదేవుడు పదుమూడవ శతాబ్దిని దేవగిరియాదవప్రభువగు సింఘణుని ఆశ్రయించి యుండెను. విజయనగరకాలమున కల్లినాథుడు రచించిన వ్యాఖ్యకంటె రాచకొండవ్యాఖ్య ప్రాచీనము. కల్పితరాజధాని వెలసిన చోటికి సమీపముననే నిజమైన రాజధాని యొకటి యుండెను. దాని ప్రభువు గీతరచనాలక్షణమును వ్యాఖ్యానించెను. కావున ఈ గీతమును కొలుచుటకు కొలబద్దను మేము దూరమునుండి తెచ్చుటలేదు.

సంగీతరత్నాకరమున నాల్గవది ప్రబంధాధ్యాయము. ఇచ్చట ప్రబంధమనగా కావ్యము గాదు, నియమబద్ధమైన గేయరచన. దానికి ధాతువులు నాలుగు: ఉద్గ్రాహము, మేలాపకము, ధ్రువము, ఆభోగము. ఉద్గ్రాహమున గీతము ప్రారంభమగును. మేలాపకము దానిని ధ్రువముతో కలుపును. ధ్రువము మరల మరల వచ్చునది, విడువరానిది. ఆభోగమున గీతము పరిపూర్తి నొందును. అంగములు ఆరు: స్వరము, బిరుదము, పదము, తేనకము, పాటము, తాళము. స్వరమనగా స్వరాక్షరములను పాడుట, బిరుదమనగా నాయకుని గుణములను చాటు పేరు, పదమనగా అర్థవంతమగు సాహిత్యము, తేనకమనగా మంగళార్థకమగు 'తేన' యను పలుకు, పాటమనగా వాద్యాక్షరములను గాయకుడు పలుకుట, తాళము స్పష్టము. ఈ ఆరింటిని ప్రబంధపురుషుని అవయవములుగా శాస్త్రము భావించినది. మంగళమును, అర్థమును ప్రకాశింపజేయు తేనకపదములు రెండును కన్నులు. పాటబిరుదములు చేతులు. నడిపించునవి గనుక తాళస్వరములు పాదములు. ఆరంగములును గలది మేదినీజాతి. ఐదు గలది ఆనందిని. నాలుగు గలది దీపని. మూడు గలది భావని. రెండు గలది తారావళి.

ఇక లక్ష్యమును జూతము. మాహిష్మతీగీతము సంస్కృతరచన. ఇది బృందగానము, పెద్ద చర్మవాద్యముల మ్రోతతో నిదానమైన ధీరగమనమున సాగును. దాని భావమును మా మాటలలో సంగ్రహింతుము: ఈ సామ్రాజ్యము మాది, అజేయమైనది, సూర్యచంద్రులున్నంత కాలము ఇది వర్ధిల్లవలెను, ఇది శత్రువులకు భయంకరము, దీని ధ్వజము ఆకసమున విరాజిల్లుచున్నది. ఇందు పదము కలదు, బిరుదములు కలవు, తాళము కలదు. స్వరాక్షరగానము లేదు. వాద్యముల మ్రోత ఎంత యున్నను వాద్యాక్షరములను గాయకులు పలుకుటలేదు. కావున శాస్త్రరీత్యా పాటము లేదు. మంగళాశంస కలదు గాని తేనకము లేదు. మూడంగములు గలదగుటచే ఇది భావనీజాతికి చేరును. ప్రబంధపురుషుని రూపమున జూచినచో దీనికి ఒక కన్ను, ఒక చేయి, ఒక పాదము మాత్రమే యున్నవి. అంగములు తగ్గుట దోషము గాదు. భావనీజాతిని శాస్త్రమే అంగీకరించినది. ఎల్లరు కలిసి పాడదగిన రచనకు అంగములు తక్కువగుట మేలు గూడ. విచారింపవలసినది, ఉన్న మూడంగములు తమ పనిని చేయుచున్నవా లేదా యనునదే.

తాళమున ఈ గీతము కృతార్థమైనది. దాని నడకలో తొందర లేదు. సైన్యపు టడుగునకును, రాజు సింహాసనము నెక్కు మెట్లకును అది సరిపోవును. ఏ యొక్క గాయకుని కంఠమును పైకి తేలదు. ఉత్సవగీతమున పాడువాని నేర్పు మరుగుపడి, సభ యంతయు ఒక కంఠమైనట్లు తోపవలెను. ఈ నియమమును సంగీతకర్త చక్కగా పాటించెను. మరియొక గుణము గూడ కలదు. మొదటిసారి విన్న ప్రేక్షకునకు ఈ గీతము తరతరములుగా ఆ రాజ్యమున పాడబడుచున్నట్లు తోచును. కల్పితరాజ్యమునకు కోటలను కట్టవచ్చును, వేషములను కుట్టింపవచ్చును. కాని దానికొక గతమున్నదని నమ్మించుట కష్టము. ఆ నమ్మకమును కలిగించుటలో ఈ కొద్దిపాటి గానము పెద్ద నిర్మాణములతో సమానముగ తోడ్పడినది. ఈ గుణమును గుర్తింపక దోషములను మాత్రమే ఎన్నుట న్యాయము గాదు.

పదమును గూర్చి విచారింతము. ఈ చిత్రమున మాహిష్మతీప్రజలు తెలుగున మాటలాడుదురు. శత్రువులగు కాలకేయులకు కిలికిలి యను క్రొత్తభాష కల్పింపబడినది. రాజ్యగీతము మాత్రము సంస్కృతమున నున్నది. ఇది అసహజము గాదు. కాకతీయయుగపు శాసనములను చదివినవారికి ఈ ద్విభాషావ్యవస్థ పరిచితమే. ప్రశస్తి సంస్కృతమునను, దానవివరము తెలుగునను ఉండుట వానిలో తరచుగా కానవచ్చును. రాజవంశముయొక్క గొప్పదనము ఒక భాషలోను, పొలము ఎల్లలు, చెరువు, కాలువ మరియొక భాషలోను చెప్పబడును. అయితే శాసనమున ఈ రెండును ఒకే రాతిమీద నుండును. ప్రశస్తిని చదివినవాడు క్రిందికి దిగినచో పొలమును చేరును. మాహిష్మతీగీతమున ప్రశస్తి మాత్రమే యున్నది. ఆ క్రింది భాగము లేదు.

ఈ లోపము చిన్నది గాదని చూపుటకు ఒక్క అంశమును తీసికొందుము. సూర్యచంద్రులున్నంతవరకు అను భావము గీతమునకు శాసనసంప్రదాయమునుండియే వచ్చినది. శాసనములందలి 'ఆచంద్రార్కము' అను మాట మనమెరిగినదే. కాని శాసనములందు ఆచంద్రార్కముగా నిలువవలసినది ఏది? ఇచ్చిన దానము: దేవునకిచ్చిన మాన్యము, నూనెదీపము, చెరువు క్రింది మడి. రాజ్యము చేతులు మారునని శాసనకర్తకు తెలియును. కనుకనే అతడు రాబోవు రాజులను, తన వంశమువారిని, అన్యవంశమువారిని గూడ, ఈ ధర్మమును కాపాడుడని వేడుకొనును. చెరచినవానికి పాపము చెప్పును. నల్లగొండను ఆనుకొనియున్న పానగల్లున కందూరు చోళుల నాటి ఉదయసముద్రము నేటికిని చెరువుగా నున్నది. దానిని త్రవ్వించిన వంశము పోయినది, నీరు నిలిచినది. మాహిష్మతీగీతము ఆ మాటను దానమునుండి తొలగించి సామ్రాజ్యమునకు తగిలించినది. మాట పాతది, దాని ఆధారము మారినది. ప్రాచీనమని తోచు ఈ పదము ప్రాచీనుల వివేకమును మాత్రము తనతో తెచ్చుకొనలేదు.

బిరుదము సంగతియు ఇట్టిదే. బిరుదము ఒక కార్యమువలన వచ్చును. ఆ కార్యమును చేసినవానికి చెందును. మాహిష్మతి అజేయమని గీతము చాటుచున్నది. చిత్రకథ ప్రకారము ఆ అజేయత్వము ఎట్లు సిద్ధించినది? కాలకేయయుద్ధమున సైన్యము చెదరిపోవుచుండగా అమరేంద్రబాహుబలి దానిని తిరిగి నిలిపెను. ఆ యుద్ధముననే శత్రువులు మాహిష్మతీప్రజలను బందీలుగా ముందు నిలిపిరి. భల్లాలదేవుడు వారిని లెక్కింపక ముందునకు సాగెను. బాహుబలి వారిని కాపాడి పిదప యుద్ధము చేసెను. ఈ భేదమును చూచియే రాజమాత శివగామి బాహుబలిని రాజుగా ప్రకటించెను. శత్రువును చంపుటకంటె ప్రజను కాపాడుట రాజలక్షణమని చిత్రమే నిర్ణయించినదన్నమాట. కాని రెండవ భాగమున దేవసేన కారణముగా నిర్ణయము మారి, పట్టాభిషేకము భల్లాలునకు జరిగెను. ఆ సభలోనే ఈ గీతము వినవచ్చును. బిరుదము నార్జించినవాడు సింహాసనమునకు దిగువ నిలిచియున్నాడు. అర్జింపనివాడు పైన కూర్చున్నాడు. గీతమునకు ఈ భేదము తెలియదు. అది ఎవడు కూర్చున్నను అదే విధముగ మ్రోగును.

ఆభోగమునకు వత్తుము. ప్రాచీనగేయములందు ఆభోగమున వాగ్గేయకారుని పేరును, నాయకుని పేరును ఉండుట వాడుక. పేరు చేర్చుట కేవలము కీర్తికాంక్ష గాదు. ఈ మాటకు నేను పూచీదారుని అని రచయిత ఒప్పుకొనుట అందులోనున్నది. మాహిష్మతీగీతమునకు ఆ రాజ్యములో రచయిత లేడు, పాడిన వంశము లేదు, నేర్పిన గురువు లేడు. చిత్రమునకు సంగీతకర్త యున్నాడు గాని, మాహిష్మతికి వాగ్గేయకారుడు లేడు. అందుచే ఆ గీతమందలి 'మాది' యను మాట ఎవరిదని అడిగినచో చూపుటకు మనిషి దొరకడు.

ఈ దోషములు దర్శకునకు తెలియనివా? మా విచారమున, తెలిసియో తెలియకయో చిత్రమే వీనికి సమాధానమును సమకూర్చినది. పట్టాభిషేకసభలో భల్లాలుడు రాజుగా ప్రమాణము చేసినపుడు సభ మర్యాదను పాటించినది. తరువాత బాహుబలి సర్వసైన్యాధ్యక్షుడుగా ప్రమాణము చేయగానే ప్రజల కేక మిన్నంటినది; సైనికులు ఆయుధములతో నేలను మ్రోగించిరి; సింహాసనమున నున్నవాని గుండె అదిరినది. మొదటి భాగమునను ఇట్టి సన్నివేశమే కలదు. భల్లాలుని బంగారువిగ్రహము నెత్తుచుండగా అది ఒరిగిపోవును. త్రాడును పట్టి నిలిపిన యువకుని ముఖమును చూచిన పనివారు మరణించిన బాహుబలి పేరును పలుకుదురు. అది క్రమముగా సభయంతయు ప్రాకును. రెండు భాగములందును నిర్మాణము ఒక్కటే: ఏర్పాటు చేసిన ఉత్సవము ఒకటి, ఏర్పాటు లేని కేక మరొకటి. ఈ రెండవదియే మాహిష్మతికి నిజమైన గీతము. రాజప్రాసాదమును వీడి ప్రజలలోనికి వచ్చిన బాహుబలిని గూర్చి కాలభైరవ పాడిన 'దండాలయ్యా' యను పాట తెలుగున నుండుట ఈ వ్యవస్థలోనిదే. శాసనమున క్రిందనుండవలసిన తెలుగుభాగము ఇచ్చట వేరొక పాటగా వచ్చినది.

కావున చిత్రములోపల రాజ్యగీతము తన పనిని చేసినది. సింహాసనమునకును ప్రజకును గల దూరమును చూపుటకు అట్టి గీతమే కావలెను. చిక్కు అది చిత్రమునుండి వెలుపలికి వచ్చినపుడు కలుగుచున్నది. పెండ్లి ఊరేగింపులందు, కళాశాల సభలందు దానిని మ్రోగించినపుడు ఆ మ్రోత మాత్రమే వచ్చును. దానిని నిలదీసిన ప్రజల కేక రాదు. మేము నాడు లేచి నిలిచినది ఆ సగము పాటకే.

నిజమైన రాజ్యములందు ఇట్టి గీతముల గతి ఏమైనదో చూచుట ఉపయుక్తము. హైదరాబాదు రాజ్యమునకు ఉర్దూలో ఒక రాజ్యగీతముండెను. సృష్టికర్త ఈ రాజ్యమును శాశ్వతముగ నిలుపవలెననియు, ఉస్మాను ప్రభువును వైభవముతో కాపాడవలెననియు ప్రార్థించుట దాని సారాంశము. నల్లగొండ, మహబూబునగరము జిల్లాలు ఆ రాజ్యమందలివే. పాఠశాలలందు పిల్లలు ఆ గీతమును పాడిరి. ఆ కాలముననే నల్లగొండ పల్లెలలో 1946 మొదలు సాగిన రైతాంగపోరాటమున సుద్దాల హనుమంతు వంటివారు గొల్లసుద్దుల వంటి పల్లెరూపములను గ్రహించి దొరలను గూర్చియు, వెట్టిని గూర్చియు పాటలు కట్టిరి. ఆ పాటలకు సభామర్యాద లేదు. 1948 సెప్టెంబరు 17న నిజాముపాలన ముగిసినది. శాశ్వతత్వమును కోరిన గీతము ఆ రాజ్యముతోనే ముగిసినది. వెట్టిపిల్లవాని గూర్చిన పాట నేటికిని పాడబడుచున్నది. రాజ్యగీతము ఉర్దూలో నుండుటయే దీనికి హేతువనుట సరిగాదు. ఉర్దూ ఈ నేలపై ప్రజలభాషలలో ఒకటి. ఆ గీతము లెక్కించినది ప్రభువును, రాజ్యమును; పాడు పిల్లవానిని అది లెక్కింపలేదు. హేతువు అదియే.

మరియొక ఉదాహరణము మనకు మరింత సన్నిహితము. మాహిష్మతీగీతమునకు సంగీతము కూర్చిన కీరవాణియే మన రాష్ట్రగీతమునకును సంగీతము కూర్చెను. అందెశ్రీ రచించిన 'జయ జయహే తెలంగాణ' రాష్ట్రావతరణమునకు పూర్వమే ఉద్యమసభలందు పాడబడినది. 2024 ఫిబ్రవరిలో రాష్ట్రప్రభుత్వము దానిని రాష్ట్రగీతముగా నిర్ణయించినది. ఆ సంవత్సరము జూన్ 2న, రెండున్నర నిమిషముల రూపమునను, పదమూడున్నర నిమిషముల రూపమునను అది వెలువడినది. తెలంగాణేతరుడగు సంగీతకర్తకు ఈ పని నప్పగించుటపై నాడు అభ్యంతరములు వినవచ్చినవి. ఆ వివాదమున మేము పక్షము వహింపము. కాని అందు అడుగబడినదియు డప్పు వృద్ధుని ప్రశ్నయే: ఈ పాట ఎవరిది?

రెండు గీతములకును స్వరకర్త ఒక్కడే యగుటచే విమర్శకునకు ఒక సౌకర్యము కలిగినది. స్వరకర్త నేర్పు రెండింటను సమానమే యనుకొని, మిగిలిన భేదమును విచారింపవచ్చును. తెలంగాణగీతమున పోతన, రుద్రమ, కొమరం భీము వంటి పేర్లున్నవి, గోదావరీకృష్ణలున్నవి, ఆ నీరు ఈ నేలకు చేరవలెనను కోరిక యున్నది. ఎగువనున్న నేలకు దిగువనున్న నది ఎక్కుట ఎంత కష్టమో పాలమూరు, నల్లగొండవారికి వేరుగ చెప్పనక్కరలేదు. బడిచదువు లేని కవి దానిని కట్టెను. ఆయన 2025 నవంబరు 10న మరణించెను. ఈ గీతమునకు ఆభోగమున పేరు లేకున్నను రచయిత ఎవరో ఊరూర తెలియును. అన్నిటికంటె ముఖ్యమైనది క్రమము. ఇచ్చట మొదట జనులు పాడిరి, పిదప ప్రభుత్వము ముద్రవేసెను. మాహిష్మతిలో మొదట ముద్ర పడినది. జనులు పాడిరా యను ప్రశ్నకు తావే లేదు.

దీనిపై ఒక ఆక్షేపము రావచ్చును. రాజ్యగీతమనునది స్తుతిరూపము, దానిలో చెరువులను, రైతులను వెదకుట పట్టాభిషేకమున పంటలెక్కలు అడుగుట వంటిదని కొందరందురు. ఈ ఆక్షేపములో కొంత నిజము కలదు. స్తుతి స్తుతిగానే యుండవలెను. అది ఫిర్యాదు కానక్కరలేదు. కాని స్తుతికి విషయముండవలెను. మా నేల చల్లనిది, మా నది తీయనిది యనుటయు స్తుతియే. ఆ మాటను ఆ నేలపై నిలిచిన ఎవడైనను తనదిగా పలుకగలడు. మేము అజేయులము, శత్రుభయంకరులము అను స్తుతిని మాత్రము సైన్యాధిపతి యొక్కడే నిస్సంకోచముగ పలుకగలడు. కూలివాడు పలికినచో అది అరువుమాట యగును. రెండవ ఆక్షేపము: కల్పితరాజ్యమునకు నిజమైన ప్రజలు లేరు గదా, గీతమున ఎవరిని లెక్కింపవలెనని. దీనికి ఉత్తరము చిత్రములోనే యున్నది. విగ్రహపు త్రాళ్ళను లాగిన పనివారు, బందీలుగా నిలిచిన పల్లెవారు కల్పితులే. ఐనను ప్రేక్షకుడు వారికొరకు కన్నీరు కార్చెను. కథలో స్థానము లభించినవారికి గీతములో లభింపలేదు.

ఇక మన ప్రాంతమందలి ఉత్సవనాదములను ఒక్కసారి స్మరింతము. సూర్యాపేటకు సమీపమున దురాజుపల్లి వద్ద పెద్దగట్టుపై రెండేండ్లకొకసారి లింగమంతులస్వామి జాతర జరుగును. భేరీలు మ్రోగుచుండగా యాదవులు 'ఓ లింగా' యని కేకవేయుచు గట్టు నెక్కుదురు. మహబూబునగరము వైపు కురుమూర్తి జాతరలో ఉద్దాల ఉత్సవము ప్రసిద్ధము. వడ్డెమానులో చర్మకారులు నిష్ఠతో కుట్టిన స్వామిపాదుకలు ఊరేగింపుగా కొండకు పోవును. పాదుకలను కుట్టినవారెవరో, డప్పు వాయించువారెవరో, ఎవరు ముందు నడువవలెనో ఆ ఉత్సవమునకు తెలియును. డప్పునకు పెండ్లిదెబ్బ వేరు, చావుదెబ్బ వేరు, జాతరదెబ్బ వేరు, చాటింపుదెబ్బ వేరు. దెబ్బను బట్టి ఊరివారు తాము ఇంటనుండవలెనో, బయటికి రావలెనో తెలిసికొందురు. వృద్ధుడు మమ్మడిగిన ప్రశ్న ఈ జ్ఞానమునుండి పుట్టినది. అతడు వాయించు ప్రతి దెబ్బకును లేచువారెవరో అతనికి తెలియును. ఈ క్రొత్త మ్రోతకు ఎవరు లేవవలెనో అతనికి తెలియలేదు. మాకును తెలియలేదు.

ఇప్పుడు ఉత్తరము చెప్పగలము. ఏ పాట తన మాటలలోనో, తన నడకలోనో, తన పుట్టుకలోనో ఎవరిని లెక్కించినదో వారు ఆ పాటకు లేచి నిలువవలెను. మాహిష్మతీగీతము భావనీజాతికి చెందిన సలక్షణరచన. తాళమున సమర్థము, పదమున పాక్షికము, బిరుదమున అస్థానము, ఆభోగమున శూన్యము. చిత్రములో దానికి స్థానమున్నది. మన సభలలో దానికి నిలువవలసినవారు లేరు. ఈ తీర్పు ఆ వృద్ధుడు మాకంటె ముందే చెప్పినదే. మేము శాస్త్రప్రమాణమును చేర్చితిమి.

ఒక్క విన్నపముతో ముగింతుము. సింగభూపాలుని వ్యాఖ్య పుట్టిన నేలపై డప్పుదెబ్బల పేర్లును, వాని పాటాక్షరములును సమగ్రముగ గ్రంథస్థము కావలసియున్నవి. కల్పితరాజ్యపు గీతమునందు లేని పాటమను అంగము మన పల్లెలలో సజీవముగ నున్నది. వాయించువారు ఆ అక్షరములను నోట పలికియే పిల్లలకు నేర్పుదురు. ఆ వృద్ధులుండగనే పరిశోధకవిద్యార్థులు పెద్దగట్టునకును, కురుమూర్తికిని పోయి వానిని సేకరింతురు గాక. ఆ నాడు కళాశాల సభలో అతిథి వచ్చునపుడు ఏమి మ్రోగవలెనను ప్రశ్నకు ఉత్తరము దూరమున వెదకనక్కరలేదు.